దేశాలు తిరిగిన కాలు

ఉప్పాడ బుల్లబ్బాయి అటు రాజమండ్రి, ఇటు యానాం దాటి ఎరగడు. యానాం ఎందుకు వెళ్ళేవాడో అడక్కండి, అందరూ ఎందుకు వెళతారో ఆయనా అందుకే వెళ్ళేవాడు. ఆయన కుడికాలు మాత్రం దేశాలు తిరిగింది. ఢిల్లీ చూసింది, లండన్ చూసింది, ఆఫ్రికాలో ఏదో దేశపు కాలుగా కూడా కొన్నాళ్ళు చలామణీ అయింది.

అది బోదకాలు. మోకాలి కింది నుంచి పాదం దాకా వాచి, చర్మం మందంగా మడతలు పడి ఉంటుంది. పిక్క మీద జీడిపప్పు ఆకారంలో ఒక మచ్చ. చిన్నప్పుడు చేపముల్లు దిగి, పుండుపడి, మానిన గుర్తు అది. ఆ మచ్చే లేకపోతే ఈ కథ లేదు. లోకంలో బోదకాళ్ళు లక్షలుంటాయి, అందులో తన కాలు తను గుర్తుపట్టాలంటే ఏదో ఒక ఆనవాలు ఉండాలి కదా.

మొదటిసారి పంచాయతీ ఆఫీసు టీవీలో పట్టుకున్నాడు. దోమల మీద ఏదో సినిమా వేస్తుంటే, "ఒరేయ్, అది నా కాలురా!" అని లేచి నిలబడ్డాడు. జనం నవ్వారు. లుంగీ ఎత్తి, కాలు టీవీ పక్కన పెట్టి చూపిస్తే గానీ నమ్మలేదు. ఆ తరవాత అదే కాలు కుష్ఠు మీద తీసిన డాక్యుమెంటరీలో కనబడింది. మురికినీళ్ళ మీద తీసినదాంట్లో కనబడింది. కరోనా రోజుల్లో కూతురు లక్ష్మీదుర్గ ఫోనులో పట్టుకుంది. వందేళ్ళ కిందటి మహమ్మారి గురించి ఎవరో బరువైన గొంతుతో చెబుతుంటే, తెలుపు నలుపుల్లో, గీతలు పడుతూ అదే కాలు, జీడిపప్పు మచ్చతో సహా.

"నాన్నా, ఈ లెక్కన నీకు నూట ముప్పై ఏళ్ళు" అంది లక్ష్మీదుర్గ. చేపలమ్మే మనిషి, మాట ఆగదు.

అన్నిట్లోకీ బుల్లబ్బాయికి ఒళ్ళు మండించింది ఒక తైలం ప్రకటన. 'వాడకముందు' అని ఈయన కాలు. 'వాడిన తరవాత' అని నున్నగా, ఒక్క వెంట్రుకైనా లేని ఎవరిదో కాలు. పైగా అది ఎడమకాలు. కుడికాలికి రాస్తే ఎడమకాలు తగ్గే తైలం కూడా వచ్చిందన్నమాట అనుకున్నాడు.

రోగాల మీద, మందుల మీద సినిమాలు తీసేవాళ్ళకి పాత బొమ్మలు పెళ్ళివంటల్లో బంగాళదుంపల్లాంటివి. ఏ కూరలో వేసినా కలిసిపోతాయి. ఆ కాలు ఎవరిది, ఏ ఊరు, ఏ ఏడు, అసలు ఏ రోగం, అడిగేవాడెవడు? వెనకాల వీణ వాయించి, "మానవాళి పోరాటం" అంటే సరిపోయె. చూసేవాళ్ళు అయ్యో అనుకుని అన్నాలకి లేస్తారు.

బుల్లబ్బాయి బాధ కాలు తిరగడం గురించి కాదు. తిరిగితే తిరగనీ. ఆ బొమ్మ ప్రతిసారీ కాలు దగ్గరే ఆగిపోతుంది, అదీ ఆయన బాధ. ఎందుకంటే ఆ రోజు కెమెరా అక్కడ ఆగలేదు. పైకి లేచింది. పైన ఈయన ముఖం ఉంది, ఈయన పక్కన వాళ్ళమ్మ అచ్చాయమ్మ ముఖం ఉంది. ఆవిడ ముఖం ఈ భూమ్మీద ఇంకెక్కడా లేదు.

అది ఎనభై అయిదో సంవత్సరం. బుల్లబ్బాయికి ఇరవై ఏడేళ్ళు. బోదకాలు పురుగుకి ఒక దొంగబుద్ధి ఉంది. పగలంతా ఒంట్లో ఎక్కడో దాక్కుని, దోమలు కుట్టే వేళకి నెత్తుట్లోకి వస్తుంది. అందుకని పరిశోధన వాళ్ళు కూడా అర్ధరాత్రే ఊళ్ళో దిగి, పడుకున్నవాళ్ళని లేపి, వేలు పొడిచి నెత్తురు చుక్క గాజుపలక మీద పట్టుకునేవారు. ఆ పని ల్యాబ్ టెక్నీషియన్ రాజరత్నానిది. తలుపు కొట్టిన ప్రతి ఇంట్లోనూ ఆయనకి తిట్లే. తిట్టకుండా వేలు చాపినవాడు బుల్లబ్బాయి ఒక్కడే. ఒకసారా రెండుసార్లా, కొత్త మాత్ర పనిచేస్తోందో లేదో తేలేదాకా రెండేళ్ళు చాపాడు. ఒంట్లో పురుగు పోయింది గానీ, అప్పటికే వాచిన కాలు అలాగే ఉండిపోయింది.

ఆ పరిశోధన మీద సినిమా తీస్తామని ఒక రాత్రి ఢిల్లీ వాళ్ళు దిగారు. ఇంటి ముందు బ్యాటరీ లైట్లు పెడితే వాకిలంతా పెళ్ళిపందిరిలా వెలిగింది. అంత వెలుగులోనూ అచ్చాయమ్మ చేతికి ఒక లాంతరిచ్చి కొడుకు పక్కన నిలబెట్టారు.

"ఇంత ఎలుగుండగా లాంతరెందుకు బాబూ?" అందావిడ.

ఢిల్లీ ఆయన చెప్పింది రాజరత్నం తెలుగులో చెప్పాడు. "పేదరికం కనపడాలంటమ్మా."

"పేదరికానికి లాంతరెందుకూ? అటు తిరిగి మా ఇల్లు చూపించమను" అంది అచ్చాయమ్మ, నోట్లో చుట్ట తియ్యకుండానే. ఆవిడది అడ్డపొగ. నిప్పున్న కొస నోట్లో పెట్టుకుని కాల్చేది. సముద్రపు గాలికి చుట్ట ఆరిపోకుండా ఆ ఒడ్డున ఆడవాళ్ళు నేర్చిన విద్య అది. కెమెరా గిర్రుమంటూ కాలు చూసింది, కొడుకుని చూసింది, తల్లిని చూసింది, మళ్ళీ కాలి దగ్గరికి దిగింది. "మాకెప్పుడు చూపిస్తారు?" అని అడిగిందావిడ. ముందు ఢిల్లీలో వేస్తారన్నారు. "మా ఊరొచ్చినప్పుడు కబురెట్టండయితే" అంది.

కబురు రాలేదు. నాలుగేళ్ళకి అచ్చాయమ్మ పోయింది. ఫోటో తీస్తే ఆయుష్షు తగ్గుతుందని ఆవిడ ఏనాడూ స్టూడియో గుమ్మం ఎక్కలేదు, అందుకని దండ వెయ్యడానికి ఫోటో లేదు. పెద్దలకి బట్టలు పెట్టే రోజున ఆవిడ టీ తాగే కంచుగ్లాసు గోడకి ఆనించి, దానికే బొట్టు పెట్టి దణ్ణం పెట్టుకునేవారు. తొంభై ఆరు తుఫానులో ఇల్లు పోతూ ఆ గ్లాసుని కూడా పట్టుకుపోయింది. వెనక్కి జరిగి కట్టుకున్న రెండో ఇంటిని సముద్రం తీరుబడిగా, గోడకో ఏడాది చొప్పున తినేసింది. ఇప్పుడుంటున్నది మూడోది.

ఈమధ్య బుల్లబ్బాయికి ఒక భయం పట్టుకుంది. కళ్ళు మూసుకుంటే అమ్మ గొంతు వస్తోంది, చుట్ట వాసన వస్తోంది, ముఖం మాత్రం రావడం లేదు. ముక్కు గుర్తొస్తే కళ్ళు జారిపోతున్నాయి. ఆవిడని ఎరిగినవాళ్ళలో ఆ ఇంట్లో మిగిలింది తనొక్కడే. లక్ష్మీదుర్గ ఆవిడ పోయాక పుట్టింది. తనూ మరిచిపోయాక ఆవిడ ఉండేదని ఎవరికి తెలుస్తుంది? ఆ రీలు ఎక్కడుందో గానీ, పోయేలోగా అది ఒక్కసారి చూడాలి. అరవై ఏడేళ్ళ వయసులో ఆయనకి మిగిలిన కోరిక అదొక్కటే.

ఇంతలో ఆ పరిశోధన సంస్థకి యాభై ఏళ్ళు నిండాయి. మన దగ్గర ఏ సంస్థకైనా యాభై ఏళ్ళు నిండితే భవనానికి రంగు వేస్తారు, శాలువాలు కొంటారు, డాక్యుమెంటరీ తీయిస్తారు. డాక్యుమెంటరీ పని రాజమండ్రి ఉదయ్‌భాస్కర్‌కి వచ్చింది. వాళ్ళది మూడు తరాల బట్టల కొట్టు. తాత, తండ్రి గుడ్డ కొలిచి చింపేవారు, ఈయన సినిమా కొలిచి చింపుతాడు. సలహాదారుగా రిటైరైన రాజరత్నాన్ని వెంటబెట్టుకుని, కెమెరాతో ఉప్పాడ వచ్చాడు. రాజరత్నానికి డెబ్బై అయిదు దాటాయి, సలహాలివ్వడానికి ఎప్పుడూ సిద్ధమే గానీ, అడిగేవాళ్ళు లేరు.

"లుంగీ కాస్త పైకి కట్టండి బుల్లబ్బాయిగారూ. ఇంకొంచెం. ఆఁ, మచ్చ కనపడాలి, అది మన హైలైటు. ఇప్పుడు కుంటుకుంటూ నా వైపు రండి" అన్నాడు ఉదయ్‌భాస్కర్.

"నేను కుంటనండి. నలభై ఏళ్ళుగా ఈ కాలితోనే పడవ తోత్తున్నాను."

"నిజమేనండి. కానీ ముందు కుంటితేనే కదండీ, పరిశోధన వల్ల బాగుపడినట్టు తెలిసేది?"

"బాగుపడ్డాకే కదండీ మీరు తీత్తున్నది?"

ఉదయ్‌భాస్కర్ ఆ ప్రశ్నని వినలేదు. డైరెక్టర్లకి కొన్ని వినబడవు. "పోనీ ఓసారి సముద్రం వైపు బాధగా చూడండి" అన్నాడు.

"అది మీరు చెప్పాలాండీ? మా రెండిళ్ళూ అందులోనే ఉన్నాయి" అన్నాడు బుల్లబ్బాయి. ఆ చూపు మాత్రం ఒక్కసారికే ఓకే అయింది.

మధ్యలో టీ తాగుతున్నప్పుడు బుల్లబ్బాయి తన బేరం పెట్టాడు. కుంటమంటే కుంటుతాడు, ఎన్నిసార్లయినా. బదులుగా ఆనాటి రీలులో ఉన్న వాళ్ళమ్మ ముఖం సినిమాలో చూపించాలి.

"అంతేనాండీ! ఆర్కైవ్ మొత్తం నా చేతిలో ఉంది. మీ అమ్మగారిని తెర మీద చూపించే పూచీ నాది" అన్నాడు ఉదయ్‌భాస్కర్, బుల్లబ్బాయి చెయ్యి పట్టుకుని. అలా అన్నప్పుడు ఆయన ఆ రీలు డబ్బా మూత కూడా తియ్యలేదు. బుల్లబ్బాయికి ఆ సంగతి తెలియదు. పాపం, ఎండలో ఆరుసార్లు కుంటాడు.

ఆ పక్కనే రాజరత్నం పక్కింటి వీరబాబు వేలు పొడుస్తున్నట్టు నటిస్తూ చెమటలు కక్కుతున్నాడు. "అయ్యా, మిట్టమధ్యాన్నం రక్తం తీస్తే అందులో పురుగుండదండి. ఇది రాత్రి తియ్యాల్సిన సీను" అన్నాడు ఉండబట్టలేక.

"రాత్రి తీస్తే జనానికేం కనపడదండి మేష్టారూ."

"పగలు తీస్తే నాకు పురుగు కనపడదు కదండీ!"

"పురుగుని మేం తరవాత వేసుకుంటాంలెండి" అన్నాడు ఉదయ్‌భాస్కర్. యాభై ఏళ్ళ పరిశోధనని అంత తేలిగ్గా ముగించినవాడు ఇంకొకడు లేడు.

నెల్లాళ్ళకి ఫోను చేశాడు. "బుల్లబ్బాయిగారూ, మీ అమ్మగారు మనిషి ఎలా ఉండేవారండీ?"

"అదేంటండీ, రీల్లో ఉంది కదా, చూసుకోండి."

"ఉందండి, ఉంది. ఊరికే కన్ఫర్మేషన్‌కి. ఛాయ?"

"నలుపండి. ఎండలో తిరిగే మనుషులం."

"చామనఛాయ అనుకుందాం. ఇంకేమైనా గుర్తులు?"

"కుడి ముంజేతి మీద చేప పచ్చబొట్టండి. పొడిచినావిడకి చెయ్యి కుదరలేదంట, తోక వంకరపోయింది."

"అది అక్కర్లేదులెండి, చెయ్యి ఫ్రేములో రాదు" అని పెట్టేశాడు.

ఉన్న మనిషి ఎలా ఉందని అడగడమేంటో బుల్లబ్బాయికి బోధపడలేదు. సినిమా వాళ్ళ పద్ధతి అలా ఉంటుందేమో అని సర్దుకున్నాడు. అడిగితే ఎక్కడ తీసేస్తారో అని భయం కూడా.

ప్రదర్శన రాజమండ్రిలో, ఏసీ హాల్లో. బుల్లబ్బాయి కొత్త పంచె కట్టుకుని, కూతురితో పొద్దున్నే బస్సెక్కి వచ్చాడు. మొదటి వరసలో కూర్చోబెట్టారు. ముందు జ్యోతి, తరవాత ప్రార్థన, తరవాత ప్రసంగాలు. సంస్థ పెద్దలు ఒకరి తరవాత ఒకరు లేచి, బోదకాలుని తామే స్వయంగా పట్టుకుని తరిమినంత వివరంగా చెప్పారు. అర్ధరాత్రి కుక్కలకి భయపడుతూ గుమ్మాలెక్కిన రాజరత్నం ఏడో వరసలో కూర్చుని వాచీ చూసుకుంటున్నాడు. బుల్లబ్బాయికి ఒక్క ముక్కా చెవికెక్కలేదు. అరచేతులు చెమట పడుతుంటే మాటిమాటికీ పంచెకి తుడుచుకున్నాడు. ముప్పై ఆరేళ్ళ తరవాత అమ్మని చూడబోతున్నాడు మరి.

లైట్లు ఆరాయి. సముద్రం, వీణ, బరువైన గొంతు. బుల్లబ్బాయి కుంటుతూ వచ్చాడు, సముద్రం వైపు బాధగా చూశాడు. తరవాత పాత బొమ్మ. అదే వాకిలి, అదే రాత్రి, అయితే రాత్రిని పగలు చేసి, నలుపుకి రంగులద్దారు. తెర నిండా కాలు. మచ్చ. ఏ సినిమాలోనూ పైకి లేవని కెమెరా మెల్లగా పైకి లేచింది.

అక్కడొక ఆవిడ నిలబడి ఉంది.

పట్టుచీర లాంటి చీర, నుదుట రూపాయికాసంత బొట్టు, తలలో మల్లెపూలు, మెళ్ళో మంగళసూత్రం. పళ్ళు వరసగా, తెల్లగా మెరుస్తున్నాయి. ఆవిడ కొడుకు తల నిమిరింది, కంటతడి పెట్టింది, తరవాత చిన్నగా నవ్వింది. హాలంతా చప్పట్లు. వెనక వరసలో ఎవరో ముక్కు చీదారు.

బుల్లబ్బాయి ఆవిడ వంక చూశాడు. ముఖం మరిచిపోయాను కాబట్టి గుర్తుపట్టలేకపోతున్నానా అని ఒక్క క్షణం తనని తనే అనుమానించాడు. కానీ బొట్టెక్కడిది? నాన్న పడవ తిరిగి రాకపోయేటప్పటికి తనకి ఆరేళ్ళు. ఆనాటి నుంచి అమ్మ నుదుట బొట్టు లేదు, తలలో పువ్వు లేదు. ఆ పళ్ళెక్కడివి? అడ్డపొగకి అమ్మ పళ్ళు నల్లగా అరిగిపోయి ఉండేవి. ఆవిడ నవ్వితే చెయ్యి అడ్డం పెట్టుకునేది.

పక్కకి తిరిగితే లక్ష్మీదుర్గ ఏడుస్తోంది. ఏడుస్తూనే ఫోనెత్తి తెర మీది బొమ్మకి ఫోటో తీసింది. "నాన్నా, మామ్మ ఎంత బాగుందో నాన్నా! నువ్వెప్పుడూ చెప్పనే లేదు. పెద్దది కట్టించి గోడకి పెడదాం" అంది.

ఆ మాటకి బుల్లబ్బాయికి ఇంట్లో గోడ గుర్తొచ్చింది. ఇంతకాలం గోడ ఖాళీగా ఉండేది. ఇప్పుడు దాని మీదికి ఎవరో వచ్చి కూర్చోబోతున్నారు. తను పోయాక మనవలు ఆవిడకే దండేస్తారు.

లైట్లు వెలిగాయి. ఉదయ్‌భాస్కర్ వేదికెక్కి, పాత రీలులో లేనిదాన్ని కూడా కంప్యూటరు చేత కొత్త విజ్ఞానంతో పూరించి, ఆర్కైవ్‌కి ప్రాణం పోశామని చెప్పి, బుల్లబ్బాయిని పైకి పిలిచి మైకు చేతికిచ్చాడు.

"ఆవిడ మా అమ్మ కాదండి" అన్నాడు బుల్లబ్బాయి.

వ్యాఖ్యాత శ్రీదివ్య అనుభవమున్న మనిషి. చటుక్కున మైకు అందుకుని, "ఎంత గొప్ప మాటన్నారండీ! ఆ తల్లి నా ఒక్కడి తల్లి కాదు, రోగంతో పోరాడే బిడ్డలందరి తల్లి అంటున్నారు!" అంది. చప్పట్లు పైకప్పుని తాకాయి. ఆ చప్పట్లలోనే బుల్లబ్బాయి మళ్ళీ "కాదండి" అన్నాడు, ఎవరికీ వినబడలేదు. శాలువా కప్పారు. మెడ దాకా కప్పేశారు.

కిందికి దిగొచ్చి కూతురితో అదే మాట చెప్పాడు. లక్ష్మీదుర్గ ఫోను వంకా తండ్రి వంకా మార్చి మార్చి చూసింది. "మరి ఎవరు నాన్నా ఈవిడ?"

"ఎవరూ కాదమ్మా" అన్నాడు.

భోజనాల దగ్గర అందరూ కాజాల కోసం తోసుకుంటుంటే, ఒక బక్కపలచటి మనిషి వచ్చి బుల్లబ్బాయి చెవిలో "ఒక్కసారి ఇలా రండి" అన్నాడు. అతను శ్యాంబాబు. మెయిన్ రోడ్డులో పెళ్ళి వీడియోలు మిక్సింగ్ చేస్తాడు. ఈ సినిమా ఎడిటింగ్ చేసింది అతనే. హాలు వెనక ప్రొజెక్టరు గదిలోకి తీసుకెళ్ళాడు. లక్ష్మీదుర్గ, వాళ్ళని చూసి రాజరత్నం, వెంట వెళ్ళారు.

"నేను పెళ్ళిళ్ళు చేసేవాణ్ణండి. పెళ్ళికూతురి మొహం కొంచెం తెల్లగా చేస్తాను, అంతే. పెళ్ళికూతుర్నే మార్చమని ఎవరూ అడగలేదు" అన్నాడు శ్యాంబాబు తలదించుకుని. "రీల్లో మీ అమ్మగారి మొహం లేదండి. ఆ రోజుల్లోనే కత్తిరించేశారు. డబ్బాలో చీటీ ఉంది." ఇంగ్లీషు చీటీ తీసి, దాని కింద ఎవరో రాసిన తెలుగు చదివాడు. "తల్లి ముఖము, పొగ త్రాగుచున్నది. ఆరోగ్య చిత్రము కనుక తొలగించడమైనది."

రాజరత్నం నెత్తి కొట్టుకున్నాడు. బుల్లబ్బాయి కుర్చీలో కూలబడ్డాడు. ఒక్క చుట్ట కోసం. నలభై ఏళ్ళు ఎదురుచూసిన ముఖాన్ని ఢిల్లీలో ఎవరో ఆరోగ్యం కోసం చెత్తబుట్టలో వేశారు.

"ఇది మాత్రం మిగిలిందండి" అంటూ శ్యాంబాబు ల్యాప్‌టాప్ తెరిచాడు. "అందరూ కాలు పెద్దది చేసి, రెండు పక్కలా కోసేసి వాడుకున్నారు. ఇది కొయ్యని బొమ్మ."

నలుపు తెలుపుల్లో రాత్రి. మధ్యలో కాలు. ఎడమ అంచున ఒక చెయ్యి, చేతిలో లాంతరు. చెయ్యి మాత్రమే, మోచేతి నుంచి వేళ్ళ దాకా. ఎముకలు తేలి, నరాలు ఉబ్బి, బరువుకి కొద్దిగా వణుకుతోంది. ముంజేతి మీద చేప. తోక వంకర. పైనుంచి సన్నగా పొగ దిగి వచ్చి, కాలి మీదుగా పాకి పోతోంది.

"ఈ చెయ్యి అడ్డంగా ఉందని తుడిపేయమన్నారండి" అన్నాడు శ్యాంబాబు. "అక్కడే కదండీ ఆ అమ్మగారిని నిలబెట్టాలి."

బుల్లబ్బాయి వేలితో తెర మీద ఆ చేపని తడిమాడు. చుట్ట వాసన గుప్పుమంది ఆయనకి.

"ఇంకా ఉందండి. కాలు బొమ్మ పదకొండు సెకన్లు. ఎవరు వాడినా అక్కడితో ఆపేస్తారు. పన్నెండో సెకను నుంచి చూడండి."

చెయ్యి లాంతరుని కింద పెట్టింది. మోకాలి పైకి ఎత్తిపెట్టిన లుంగీ అంచు పట్టుకుని కిందికి లాగింది. కాలు మూసేసింది. మూసిన లుంగీ మీద అరచెయ్యి ఒకసారి ఆనించి నొక్కింది, పిల్లవాడికి దుప్పటి కప్పాక నొక్కినట్టు. బొమ్మ ఆగిపోయింది.

రాజరత్నం కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. "అప్పుడు మీ అమ్మ ఏమందో గుర్తుందా బుల్లబ్బాయ్? 'చూసింది చాల్లే, నా కొడుకేమన్నా సంతలో ఎద్దా' అంది. ఉద్యోగం పోతుందని భయమేసి, ఆవిడకి చలేస్తోందని చెప్పాను ఆ ఢిల్లీ ఆయనకి."

బుల్లబ్బాయికి అప్పుడొచ్చింది ఏడుపు. హాల్లో రానిది, శాలువా కప్పినా రానిది. అమ్మ ముఖం ఇక దొరకదు, ఆ సంగతి తేలిపోయింది. కానీ ఆ చెయ్యి పంచాయతీ టీవీ నాటి నుంచి తన కాలి పక్కనే ఉందని, ప్రతిసారీ ఎవరో కోసేస్తూ వచ్చారని తెలిసి, ఆపుకోలేక ఏడ్చాడు. లక్ష్మీదుర్గ తండ్రి భుజం పట్టుకుని, రెండో చేత్తో ఫోను తీసి, మల్లెపూలావిడ ఫోటో చెరిపేసింది.

"ఇది మా ఫోనుకి పంపించండి" అంది శ్యాంబాబుతో.

"ఆర్కైవ్ వాళ్ళ ఒప్పందం ఉందమ్మా. సంబంధం లేనివాళ్ళకి ఇవ్వకూడదు."

"కాలు మా నాన్నది, చెయ్యి మా మామ్మది. ఇంకా ఎవరితో సంబంధం కలపమంటారండీ?"

ఒప్పందం రాసినవాళ్ళు ఈ సంగతి ఆలోచించి ఉండరనిపించింది శ్యాంబాబుకి. బొమ్మ చివరిదాకా పంపించాడు.

వాళ్ళు బయటికి వచ్చేసరికి ఉదయ్‌భాస్కర్ పేపరు ఫోటోగ్రాఫర్ని వెంటేసుకుని వెతుకుతున్నాడు. "ఎక్కడికెళ్ళిపోయారండీ! రేపు జిల్లా ఎడిషన్లో పడుతుంది. ఇలా వెలుగులోకి రండి. ఆ పంచె కాస్త పైకి ఎత్తి పట్టుకోండి, మచ్చ పడాలి."

అలవాటు కొద్దీ బుల్లబ్బాయి చెయ్యి పంచె అంచు మీదికి వెళ్ళింది. నలభై ఏళ్ళుగా ఎవరు ఎత్తమంటే వాళ్ళకి ఎత్తిన చెయ్యి. అంచు పట్టుకుని, చీలమండ దాకా కిందికి లాగి, మీద అరచెయ్యి ఆనించి నొక్కాడు.

"కుదరదండి" అన్నాడు. "మా అమ్మ ఒప్పుకోదు."